మీవాళ్ళు ఏం కనిపెట్టారు?

రామచంద్రపురంలో మేం చదువుకున్న బడిలో, మా తరగతికి సాయిబుల పిల్లలం ముగ్గురమే. తొంభైల మొదటి సంవత్సరాలవి. ఒకరోజు సైన్సు మాస్టారు శాస్త్రవేత్తల గురించి చెబుతూ న్యూటన్ ఇంగ్లీషువాడు, గెలీలియో ఇటలీవాడు, ఆర్యభటుడు మనవాడు అన్నారు. ఆ "మన"లో మేమూ ఉన్నామనుకునే బెంచీ మీద నిటారుగా కూర్చున్నాం. గంట కొట్టాక పక్క బెంచీ కుర్రాడు మా వైపు తిరిగి, "మరి మీవాళ్ళు ఏం కనిపెట్టార్రా?" అన్నాడు. అందరూ నవ్వారు. వాడు చెడ్డవాడేం కాదు. ఆ సాయంత్రం మాతోనే గోళీలాడాడు. కానీ "మన" అనే మాట ఎక్కడిదాకా వస్తుందో, ఎక్కడ ఆగిపోతుందో మాకు తెలిసింది ఆ రోజే.

ఇంటికొచ్చి మా దాదాని అడిగాం. ఆయన కాలువ మీద లస్కరుగా చేసి రిటైరైన మనిషి. "నాకేం తెలుసు బేటా, హజ్రత్‌గారిని అడగండి" అన్నారు. మసీదులో హజ్రత్‌గారు ముస్లిం శాస్త్రవేత్తల మీద సన్నటి ఉర్దూ పుస్తకం ఒకటి ఇచ్చారు. అందులోని ఫెహరిస్తు మొత్తం బట్టీ పట్టాం. జాబిర్ ఇబ్న్ హయ్యాన్, ఖ్వారిజ్మీ, హునైన్ ఇబ్న్ ఇస్‌హాఖ్, రాజీ, ఇబ్న్ అల్ హైథమ్, బెరూనీ, ఇబ్న్ సీనా, ఇబ్న్ రుష్ద్, ఉలుగ్ బేగ్. వారం తర్వాత ఆ కుర్రాడి ముందు నిలబడి గడగడా అప్పజెప్పాం. వాడు కాసేపు ఆలోచించి, "వీళ్ళంతా అరబ్బులు కదరా! మీరు రామచంద్రపురం వాళ్ళు కదా?" అన్నాడు.

జవాబు చెప్పలేకపోతే చేతగానివాళ్ళం. చెబితే పరాయివాళ్ళం. ఈ దేశంలో ముస్లిం అయినవాడికి ఈ ప్రశ్న ఏదో ఒక రూపంలో ఎదురవుతూనే ఉంటుంది. మేం పత్రికల్లో పనిచేస్తూ, ఉర్దూలోనూ తెలుగులోనూ చదువుతూ, చాలా ఏళ్ళు ఆ ఫెహరిస్తును పొడిగించుకుంటూ పోయాం. ఎప్పుడో ఒకప్పుడు ఆ కుర్రాడి నోరు మూతపడే పేరు దొరుకుతుందనే ఆశ కావచ్చు. ఇప్పుడు ఆ ఫెహరిస్తునే తిరగేసి చూడాలనిపిస్తోంది. విజ్ఞానం ఎవరిది? ఒక జాతి, ఒక మతం దాన్ని "మాది" అనొచ్చా? అనకపోతే, "మీకేమీ లేదు" అనేవాళ్ళకి ఏం చెప్పాలి?

ముందు పేర్ల సంగతే చూద్దాం. మా నేస్తం అరబ్బులన్నాడు గానీ ఖ్వారిజ్మీ పేరులోనే మధ్య ఆసియాలోని ఖ్వారిజ్మ్ ఉంది. ఇబ్న్ సీనా పుట్టింది బుఖారా దగ్గర. హునైన్ ఇబ్న్ ఇస్‌హాఖ్ అసలు ముస్లిమే కాదు. ఆయన క్రైస్తవుడు. తొమ్మిదో శతాబ్దపు బగ్దాద్‌లో గ్రీకు వైద్య గ్రంథాలను సిరియాక్, అరబ్బీ భాషల్లోకి తెచ్చినవాళ్ళలో ఆయన్ని మించినవాడు లేడు. అదే నగరంలో లెక్కలు చేసిన సాబిత్ ఇబ్న్ ఖుర్రా నక్షత్రాలను ఆరాధించే హర్రాన్ సాబియన్. సంస్కృత వైద్య గ్రంథాలను అరబ్బీలోకి తర్జుమా చేయించిన బర్మకీ వజీర్లు బల్ఖ్‌లోని బౌద్ధ విహారాన్ని చూసుకున్న పెద్దల సంతతి. మా ఫెహరిస్తు మీద "ముస్లిం" అన్న అట్ట ఉందే గానీ, లోపల క్రైస్తవులు, సాబియన్లు, బౌద్ధుల మనవలు అందరూ ఉన్నారు. ఆ కాలపు గొప్పతనం కూడా అదే. ఎవడి దగ్గర ఏముందో అడిగి తెచ్చుకోవడానికి వాళ్ళు సిగ్గుపడలేదు.

సున్న కథ చూడండి. 628లో బ్రహ్మగుప్తుడు సున్నతో కూడికకూ తీసివేతకూ నియమాలు రాశాడు. ఎనిమిదో శతాబ్దంలో భారతీయ సిద్ధాంత గ్రంథాలు ఖలీఫా మన్సూర్ కాలపు బగ్దాద్‌కు చేరాయి. ఆ తర్వాత ఖ్వారిజ్మీ భారతీయుల అంకెలతో లెక్క చేసే పద్ధతి మీద ఒక పుస్తకం రాశాడు. దాని అరబ్బీ మూలం పోయింది, లాటిన్ తర్జుమా మిగిలింది. ఉత్తర ఆఫ్రికా రేవులో ఆ లెక్కలు నేర్చుకున్న ఇటలీ వర్తకుడి కొడుకు ఫిబొనాచ్చి 1202లో వాటిని పుస్తకంగా రాశాడు. ఊరుకున్నారా? 1299లో ఫ్లోరెన్స్ షరాబుల సంఘం తన సభ్యులు ఖాతా పుస్తకాల్లో ఈ అంకెలు వాడకూడదని కట్టడి చేసింది. పరాయి అంకెలన్న అనుమానం అప్పుడూ ఉంది. సంస్కృతంలో శూన్యం అరబ్బీలో సిఫర్ అయింది, సిఫర్ యూరప్ వెళ్ళి జీరో అయింది. యూరప్ వాడు వాటిని అరబ్బీ అంకెలన్నాడు. అరబ్బులేమో మొదట్నుంచీ హిందీ అంకెలనే అంటున్నారు. తీసుకున్నవాడు ఇచ్చినవాడి పేరు చెప్పాడు. మాకిందులో నచ్చిన విషయం ఇదే.

ఇక్కడ మా తప్పు ఒకటి ఒప్పుకోవాలి. పత్రికలో చేరిన కొత్తలో ఈ సంగతి మీద ఒక వ్యాసం రాస్తూ, ఉర్దూలో అంకెను హిందసా అంటారు, ఆ మాట హింద్ నుంచే వచ్చింది, ఇంతకన్నా సాక్ష్యం ఏం కావాలి అని ఘనంగా ముగించాం. నాలుగు రోజులకి ఉర్దూ పండితులొకరి దగ్గర్నుంచి కార్డు వచ్చింది. "హిందసా హింద్ నుంచి రాలేదు బాబూ. ఫారసీ అందాజా అరబ్బీలోకి వెళ్ళి అలా మారింది. నిఘంటువు చూడకుండా రాయకండి." చూశాం. ఆయన చెప్పిందే నిజం. చెవులు పట్టుకున్నంత పనయింది. కానీ ఆ సిగ్గు తగ్గాక ఇంకో సంగతి తట్టింది. అందాజా అంటే మా అమ్మీ వంటింట్లో పక్కింటి పిన్నిగారితో తెలుగులో అనే అందాజే. "అందాజుగా రెండు సోలల బియ్యం పొయ్యండి" అంటుంది. మేం వెతికిన చోట సాక్ష్యం లేదు. వెతకని చోట, మా వంటింట్లోనే మాటగా ఉంది. గర్వం కోసం చరిత్ర చదివేవాడు నిఘంటువు తెరవడం మర్చిపోతాడు.

మర్చిపోయేవి ఇంకా ఉన్నాయి. మా ఉర్దూ పుస్తకంలో ఇబ్న్ రుష్ద్ పేరు పెద్ద అక్షరాలతో ఉంది. 1195లో ఆయన్ని కొర్డోబా నుంచి వెళ్ళగొట్టి, ఆయన తత్వశాస్త్ర గ్రంథాలను తగలబెట్టించింది ముస్లిం ఖలీఫాయే అని లేదు. ఆయన రాతల్లో చాలా భాగాన్ని హీబ్రూలోకి, లాటిన్‌లోకి తెచ్చి కాపాడింది యూదులు, క్రైస్తవులు. సమర్‌ఖంద్‌లో వెయ్యికి పైగా నక్షత్రాల స్థానాలు లెక్కగట్టించిన ఉలుగ్ బేగ్‌ను 1449లో చంపించింది కన్నకొడుకు. ఇస్తాంబుల్‌లో తఖీయుద్దీన్ కట్టిన వేధశాలను 1580లో సుల్తాన్ హుకుంతోనే పడగొట్టారు. పాత సంగతులెందుకు? అబ్దుస్ సలాంకు 1979లో భౌతికశాస్త్రంలో నోబెల్ వస్తే ఫెహరిస్తులన్నీ ఆయన పేరు ఎక్కించుకున్నాయి. ఆయన అహ్మదీ. అంతకు అయిదేళ్ళ ముందే, 1974లో, పాకిస్తాన్ రాజ్యాంగాన్ని సవరించి అహ్మదీలు ముస్లింలు కారని రాసుకుంది. 1996లో ఆయన పోయాక సమాధి రాయి మీద "ముస్లిం" అన్న మాటను చెరిపేశారు. బతికుండగా బయటికి నెట్టిన మనిషిని నోబెల్ కోసం లోపలికి లాక్కోవడం మాకు సిగ్గుచేటనిపిస్తుంది. ఇబ్న్ సీనా మావాడైతే ఆ సమాధి రాయిని గీకిన చెయ్యి కూడా మాదే అవుతుంది. ఒకటి పుచ్చుకుని ఇంకొకటి వదిలేస్తామంటే కుదరదు.

అవతలివాళ్ళ ఫెహరిస్తు సంగతీ ఇంతే. 2015లో ముంబయి సైన్స్ కాంగ్రెస్‌లో ప్రాచీన భారతంలో విమానాలున్నాయని పత్రం చదివారు. 2019 జనవరిలో జలంధర్ సైన్స్ కాంగ్రెస్‌లో కౌరవులు టెస్ట్‌ట్యూబ్ పద్ధతిలో పుట్టారన్నది మన ఆంధ్ర విశ్వవిద్యాలయం ఉపకులపతే. దీనివల్ల నష్టపోయింది ఎవరు? బ్రహ్మగుప్తుడే. నిజంగా చేసినవాడి పని, చేయని పనుల పక్కన పెట్టేసరికి అదీ పుక్కిటి పురాణంలాగే కనిపిస్తుంది. ఆధునిక విజ్ఞానమంతా మా గ్రంథంలో ముందే ఉందని మా జల్సాల్లో ఉపన్యాసాలిచ్చేవాళ్ళూ ఈ పనే చేస్తున్నారు. గ్రంథంలో అంతా ఉంటే ఇబ్న్ అల్ హైథమ్ చీకటిగదిలో కూర్చుని, చిన్న రంధ్రంలోంచి వచ్చే వెలుగును ఎందుకు పరీక్షించినట్టు?

2023లో ఎన్‌సీఈఆర్‌టీ పాఠ్యపుస్తకాలను తగ్గించినప్పుడు 12వ తరగతి చరిత్రలో మొగల్ దర్బారుల అధ్యాయం పోయింది. 10వ తరగతి సైన్సులో పరిణామ సిద్ధాంతమూ పోయింది. మొదటిదానికి మావాళ్ళు బాధపడ్డారు. రెండోదానికి శాస్త్రవేత్తలు సంతకాలు చేశారు. రెండూ కలిపి ఒకే నష్టంగా చూసినవాళ్ళు తక్కువ. కష్టమనిపించిన గతాన్ని కత్తిరించడానికి అలవాటుపడిన చెయ్యి కోతి దగ్గర ఆగుతుందా, అక్బర్ దగ్గర ఆగుతుందా?

ఇంతకూ మా ఊరి సంగతికి వద్దాం. రామచంద్రపురం చుట్టూ పచ్చగా ఉందంటే ధవళేశ్వరం నీళ్ళు. 1832-33 కరువునూ, 1839 తుఫానునూ చూసి వట్టిపోయిన ఈ జిల్లాలో ఆర్థర్ కాటన్ 1847లో ఆనకట్ట మొదలుపెట్టి 1852కి పూర్తిచేయించాడు. ఇప్పుడు ఆ చోటున్న బ్యారేజీ కింద పది లక్షల ఎకరాలు తడుస్తున్నాయి. కాటన్ దొర క్రైస్తవుడా, పరాయి పాలకుడి ఇంజినీరా అని మా రైతులు చూడలేదు. ఊరూరా విగ్రహాలు పెట్టి దండలు వేస్తారు. మరి కాటన్ ఎక్కడ నేర్చుకున్నాడు? కావేరి మీద. చోళుల నాటి కల్లణైని చూసి. లోతెంతో తెలియని ఇసుకలో పునాది నిలబెట్టే విద్యను ఈ దేశపు పూర్వీకుల దగ్గరే నేర్చుకున్నామని ఆయనే చెప్పుకున్నాడు. ఇంగ్లీషువాళ్ళు వాడిన "ఆనికట్" తమిళుల మాటే. ఆయన దగ్గర కుడిభుజంగా నిలబడి పని చేయించిన వీణెం వీరన్న మన తెలుగువాడు. రాళ్ళు మోసిన వేలమంది పేర్లు ఎక్కడా లేవు. ఆ కాలువ గట్టు మీద మా దాదా లస్కరు. లస్కరంటే ఫారసీలో లష్కర్, సైన్యం. సైన్యం మాట వచ్చి వచ్చి మా డెల్టాలో తూములు ఎత్తి దించే కూలి మనిషి దగ్గర ఆగింది.

ఇంకో కథ దోమది. మా డెల్టాలో బోదకాలు పాత జబ్బు. ఈ జబ్బు పురుగు దోమ కడుపులో పెరుగుతుందని 1877లో చైనాలోని అమోయ్‌లో ప్యాట్రిక్ మాన్సన్ చూశాడు. అందుకు దోమలతో కుట్టించుకున్నవాడు ఆయన తోటమాలి. మాన్సన్ ఇచ్చిన ఆలోచనతో రొనాల్డ్ రాస్ మలేరియా వెంట పడ్డాడు. 1897 ఆగస్టు 20న సికింద్రాబాద్‌లో దోమ కడుపులో ఆ పరాన్నజీవిని కనుక్కున్నాడు. 1902లో నోబెల్ వచ్చింది. ఆ దోమ కుట్టింది హుసేన్ ఖాన్ అనే రోగిని. కుట్టిన దోమకు అణా చొప్పున ఇచ్చారు. తర్వాత కలకత్తాలో రాస్‌కి దోమలు పట్టి సాయం చేసినవాడు మహమ్మద్ బక్ష్. మా ఉర్దూ పుస్తకంలో ఈ రెండు పేర్లూ లేవు. వీళ్ళు ఏమీ "కనిపెట్టలేదు" కదా!

కథ అక్కడితో ఆగలేదు. 1895లో భీమవరంలో పుట్టి, రాజమండ్రిలో చదివి, అమెరికా వెళ్ళిన ఎల్లాప్రగడ సుబ్బారావు అక్కడ లెడర్లీ ప్రయోగశాలలో నడిపిన పరిశోధనల్లోంచే బోదకాలు మందు డైఇథైల్ కార్బమజైన్ వచ్చింది. 1948లో ఆయన పోయారు. 2004 నుంచి ప్రభుత్వం ఏటేటా ఇంటింటికీ తిరిగి మింగించిన బోదకాలు మాత్ర అదే. మా అమ్మీ ఆ మాత్ర మింగింది. పక్కింటి పిన్నిగారూ మింగారు. మాత్ర ఇచ్చిన ఆరోగ్య కార్యకర్త మాలపల్లి అమ్మాయి. చైనా తోటమాలి, స్కాట్లండ్ డాక్టరు, సికింద్రాబాద్ హుసేన్ ఖాన్, భీమవరం బ్రాహ్మణ కుర్రాడు. వీళ్ళలో ఒక్కడు లేకపోయినా ఆ మాత్ర మా వీధికి వచ్చేదా? ఇందులో ఎవరి వాటా తీసి "మాది" అందాం?

అందుకే విజ్ఞానాన్ని వారసత్వం అనడానికి మాకు నోరు రావడం లేదు. వారసత్వమైతే పంపకాలుంటాయి, పొలిమేర రాళ్ళుంటాయి. ఇది బాకీ. బాకీ కూడా అరబ్బీ మాటే, అంటే మిగిలి ఉన్నది. మనిషి పుట్టేటప్పటికే పేరు తెలియని వేలమందికి బాకీపడి ఉంటాడు. వాళ్ళకి తీర్చలేడు, తన తర్వాతివాళ్ళకి తీర్చాలి.

ఈ మాట అనగానే మా సెక్యులర్ మిత్రులు సంతోషిస్తారు. "చూశారా, సైన్సుకి మతం లేదని మేం ఎప్పుడో చెప్పాం" అంటారు. వాళ్ళతో మాకో పేచీ ఉంది. మతం లేదనడం మీకు సులువు. ఫలానావాళ్ళు ఏం కనిపెట్టారని మిమ్మల్నెవరూ అడగలేదు. 2020లో కరోనా వచ్చినప్పుడు వైరస్‌కి మతం పెట్టారు. ఢిల్లీ తబ్లీగీ సభ పేరు చెప్పి కూరగాయల బండి సాయిబును వీధిలోకి రానివ్వలేదు. ఆ ఆగస్టులోనే బొంబాయి హైకోర్టు ఔరంగాబాద్ బెంచి తబ్లీగీ విదేశీయులను బలిపశువులను చేశారని కేసులు కొట్టేసింది. ఆ తీర్పు ఎంతమందికి చేరింది? జబ్బుకి మతం పెట్టినప్పుడు మాట్లాడనివాళ్ళు, మేం ఇబ్న్ సీనా పేరు ఎత్తగానే "వైద్యానికి మతమేమిటండీ" అంటే మాకు మండుతుంది.

కాబట్టి ఆ పేర్లను మేం వదులుకోం. ఎవరైనా చెరిపేస్తే మళ్ళీ రాస్తాం. కానీ యోగ్యతాపత్రంలాగా జేబులో పెట్టుకుని తిరగం. కలాంగారి ఫొటో చూపించి "మేమూ మంచివాళ్ళమే" అని రుజువు చేసుకోవాల్సిన ఖర్మ ఏ పిల్లవాడికీ పట్టకూడదు. చరిత్రకూ బడాయికీ తేడా తెలుసుకోవడానికి మేం ఒక అందాజు పెట్టుకున్నాం. ఎవరి దగ్గర తీసుకున్నారో, ఎవరికి ఇచ్చారో, సొంతవాళ్ళే ఎక్కడ చెరిపారో చెబితే చరిత్ర. ఇచ్చింది మాత్రమే చెబితే బడాయి. ఈ కొలతకు మా పుస్తకమూ నిలవలేదు, సైన్స్ కాంగ్రెస్ పత్రమూ నిలవలేదు.

అసలు బాధ వేరే ఉంది. గతంలో ఎవరు కనిపెట్టారన్న తగాదాలో పడి, ఇప్పుడు ఎవరికి అందుతోందన్నది మర్చిపోయాం. 1906లో హైదరాబాద్‌లో కొమర్రాజు లక్ష్మణరావుగారు, మిత్రులు విజ్ఞాన చంద్రికా మండలి పెట్టి శాస్త్రాలను తెలుగులోకి తెచ్చే పని మొదలుపెట్టారు. 1917లో అదే ఊళ్ళో దారుల్ తర్జుమా పెట్టి ఉస్మానియా విశ్వవిద్యాలయం కోసం శాస్త్ర గ్రంథాలను ఉర్దూలోకి తెచ్చారు. రెండూ ఒకే పని. సామాన్యుడి ఇంటి భాషకు విజ్ఞానాన్ని అందించే పని. తెలుగువాడు రెండోదాన్ని నిజాం ఖాతాలో వేసి మర్చిపోయాడు. ఉర్దూవాడు మొదటిదాని పేరే వినలేదు. రెండూ చదివే మాలాంటివాళ్ళం కూడా వాటిని పక్కపక్కన పెట్టి చూడటానికి ఇంత కాలం పట్టింది. 2006లో సచార్ కమిటీ 6 నుంచి 14 ఏళ్ళ ముస్లిం పిల్లల్లో నాలుగో వంతు మంది అసలు బడికే వెళ్ళలేదనో, మధ్యలో మానేశారనో చెప్పింది. ఇబ్న్ అల్ హైథమ్ పేరుమీద ఉపన్యాసాలిచ్చే మేం, మెకానిక్ షెడ్డులో స్పానరు పట్టుకున్న పదేళ్ళవాడి పేరు అడిగామా?

దాదా చెప్పిన మాట ఒకటి గుర్తుంది. దాళ్వా రోజుల్లో నీళ్ళు తక్కువై వంతులు పెట్టినప్పుడు ఎగువ రైతులు రాత్రిళ్ళు వచ్చి తూము ఇంకాస్త ఎత్తమని బతిమాలేవారట, బెదిరించేవారట. శివారు భూముల రైతులు మాత్రం అంత దూరం రాలేరు. "తలుపు దగ్గర నిలబడినవాడి గొంతు ఎప్పుడూ వినబడుతుంది బేటా. శివారువాడిది మనమే గుర్తుపెట్టుకోవాలి" అనేవారు. తెల్లవారుజామున సైకిలేసుకుని గట్టు వెంట చివరిదాకా వెళ్ళి, ఆఖరి చేలోకి తడి చేరిందో లేదో చూసి వచ్చేవారు. జీతంలో ఆ పని లేదు.

మొన్న మా అక్క కూతురు బడి నుంచి వచ్చి మమ్మల్ని అదే ప్రశ్న అడిగింది. ఎవరో దాన్నీ అడిగారట, మీవాళ్ళు ఏం కనిపెట్టారని. ముప్పై ఏళ్ళు గడిచినా ప్రశ్న మారలేదు. హజ్రత్‌గారి పుస్తకం ఇప్పటికీ మా దగ్గరుంది. దాన్ని దాని చేతికివ్వలేదు, దాచనూ లేదు. పక్కన కూర్చోబెట్టుకుని సున్న ఎక్కడ పుట్టి ఎక్కడెక్కడ తిరిగిందో చెప్పాం. ఇబ్న్ రుష్ద్ పుస్తకాలు ఎవరు తగలబెట్టారో, ఎవరు కాపాడారో చెప్పాం. హుసేన్ ఖాన్ గురించి చెప్పాం. చివర మా దాదా సైకిలు గురించి చెప్పాం. అది అన్నీ విని, "అయితే రేపు బడిలో ఎవరి పేరు చెప్పను మామూ?" అంది.

నీకు నచ్చినవాళ్ళ పేరు చెప్పమన్నాం. మర్నాడు వచ్చి చెప్పింది, దోమతో కుట్టించుకున్నాయన పేరు చెప్పిందట. మొదట నవ్వారట. తర్వాత టీచరు ఆ కథ మొత్తం చెప్పమన్నారట.